రవెన్నా కట్టడాలు: అన్నీ చర్చిలేనా?

సందేహం: ఇటలీలోని రవెన్నా నగరం గురించి వ్యాసం రాస్తున్నాను. ‘రవెన్నాలోని ఎనిమిది తొలి క్రైస్తవ చర్చిలు ప్రపంచ వారసత్వ జాబితాలో చేరాయి’ అని మొదలుపెట్టాను. సరిగానే ఉందా? బాప్టిస్టరీ, బాసిలికా, మొజాయిక్ లాంటి వాటికి తెలుగులో ఏం వాడాలి? ‘ఆర్యన్ బాప్టిస్టరీ’ అన్నచోట ఆర్యులు ఎందుకొచ్చారు? చర్చిలు, చర్చీలు, చర్చులు – వీటిలో ఏది ఒప్పు?

సమాధానం: ముందు మీ వాక్యం సంగతి. ‘తొలి క్రైస్తవ చర్చిలు’ అనగానే లోకంలో మొట్టమొదట కట్టినవి కాబోలు అనుకుంటారు చదివేవాళ్లు. రవెన్నా కట్టడాలు క్రీ.శ. 5, 6 శతాబ్దాలవి. అంతకుముందే, 4వ శతాబ్దంలోనే, రోమ్‌లోనూ జెరూసలేంలోనూ పెద్దపెద్ద చర్చిలు లేచాయి. పోనీ ‘ఆదిమ’ అందామా అంటే, మన క్రైస్తవుల వాడుకలో ‘ఆదిమ సంఘం’ యేసు పంపిన అపొస్తలుల కాలం నాటిది. ‘తొలినాటి’ అంటే ఈ ఇబ్బంది ఉండదు. చర్చి పక్కన మళ్లీ ‘క్రైస్తవ’ అనడం కూడా అనవసరం.

రెండో పొరపాటు లెక్కలో ఉంది. 1996లో యునెస్కో జాబితాకెక్కిన ఎనిమిదింటిలో చర్చిలు మూడే: సాన్ వితాలె, సాంత్ అపొల్లినారె నువొవొ, సాంత్ అపొల్లినారె ఇన్ క్లాస్సె. మిగిలినవాటిలో రెండు బాప్తిస్మం ఇచ్చే మందిరాలు, రెండు సమాధి మందిరాలు, ఒకటి ఆర్చిబిషప్ భవనంలోని చిన్న ప్రార్థనాలయం. కాబట్టి ‘రవెన్నాలోని ఎనిమిది తొలినాటి క్రైస్తవ కట్టడాలు’ అని మార్చండి. సాన్, సాంత్ అంటేనే సెయింట్. ‘సెయింట్ సాన్ వితాలె’ అని రాస్తే బిరుదు రెండుసార్లు తగిలించినట్టు అవుతుంది.

బాప్టిస్టరీకి ‘బాప్తిస్మ మందిరం’ బాగుంటుంది. కతోలికుల కోసం రాస్తుంటే ‘జ్ఞానస్నాన మందిరం’ అనండి; వాళ్ల మాట అదే. బాప్తిస్మపు తొట్టి అనడం మాత్రం తప్పు. తొట్టి లోపల ఉండేది. రవెన్నాలో దాని చుట్టూ ఎనిమిది మూలల భవనమే కట్టారు.

ఇక మీ ‘ఆర్యన్’. ఆ మాటకు ఆర్యులతో ఏ సంబంధమూ లేదు. ఏరియస్ అనే అలెగ్జాండ్రియా మతాచార్యుడు కుమారుడైన యేసు తండ్రియైన దేవుడితో సమానంగా అనాది కాడని బోధించాడు. 325లో నైసియా మహాసభ ఆ బోధను తోసిపుచ్చింది. కానీ రవెన్నాను ఏలిన, గోత్ అనే జర్మానిక్ తెగ రాజు థియొడొరిక్‌దీ, అతని వాళ్లదీ ఏరియస్ మార్గమే. అందుకే ఊళ్లో రెండు బాప్తిస్మ మందిరాలు వెలిశాయి. ‘ఏరియన్’ అని దీర్ఘం ఎకారానికే ఇచ్చి, మొదటిసారి వచ్చినచోట ‘ఏరియస్ అనుయాయుల’ అని విడమర్చండి. రెండోదాన్ని ‘ఆర్థడాక్స్’ బాప్టిస్టరీ అని కూడా పిలుస్తారు. దాన్ని ఎవరైనా ‘ఛాందసుల’ అని తెనిగిస్తే ఇంకో అనర్థం. అక్కడ ఆ మాటకు నైసియా నిర్ణయానికి కట్టుబడినవారు అనే అర్థం. దానికున్న నెయోనియన్ అనే పేరు నెయోన్ అనే బిషప్‌ది, నియాన్ దీపాలది కాదు.

‘నువొవొ’ అంటే ఇటాలియన్‌లో కొత్త అని. అలాగని ‘కొత్త అపొల్లినారె చర్చి’ అని రాయకండి. థియొడొరిక్ 6వ శతాబ్దం మొదట్లో కట్టించిన చర్చి అది. క్లాస్సెలోని చర్చిని ప్రతిష్ఠించింది 549లో. అంటే ‘కొత్త’దే పాతది! ఈ పేరు ఆ చర్చికి చాలాకాలం తర్వాత వచ్చింది. క్లాస్సె అనేది రోమన్ నౌకాదళపు రేవు; ‘క్లాస్’ అని కుదిస్తే తరగతిగది గుర్తొస్తుంది.

బాసిలికాను అనువదించక్కర్లేదు. సికింద్రాబాద్ సెయింట్ మేరీస్ పుణ్యమా అని ఆ మాట మనకు తెలుసు. కాకపోతే అక్కడది పోప్ ఇచ్చే హోదా. వాస్తుపరంగా బాసిలికా అంటే రెండు వరుసల స్తంభాలు, నడుమ పెద్ద నడవ, చివర అర్ధవృత్తాకారపు గూడు ఉన్న పొడవాటి హాలు. అపొల్లినారె చర్చిలు రెండూ అలాంటివే. సాన్ వితాలె ఎనిమిది మూలల కట్టడం. దాన్ని వర్ణిస్తూ ‘పొడవాటి హాలు’ అంటే పప్పులో కాలేసినట్టే. చివరి గూడును ‘గజపృష్ఠం’ (ఏనుగు వీపు ఆకారం) అని కొందరు రాస్తారు. చేజర్ల కపోతేశ్వరాలయంలో చూస్తే తెలుస్తుంది, ఆ మాట మొత్తం కట్టడం ఆకారానికి చెందింది, ఒక్క గూటికి కాదు.

సమాధి మందిరాల దగ్గర క్రియల మీద కన్నేసి ఉంచండి. గల్లా ప్లాచీదియా అనే రోమన్ రాణి 450లో రోమ్‌లో చనిపోయింది. ‘ఆమెను ఇక్కడ ఖననం చేశారు’ అనకుండా ‘ఆమె పేరుతో పిలిచే సమాధి మందిరం’ అనండి. థియొడొరిక్ సమాధికి ‘గుమ్మటం కట్టారు’ అన్నా పొరపాటే. పది మీటర్లు దాటిన వ్యాసంతో ఆ పైకప్పంతా ఒకటే రాయి. తొలిచి, ఎత్తి, నిలిపారు.

మొజాయిక్ అంటే మన ఇళ్లలో సిమెంటులో చలువరాతి పలుకులు కలిపి పోసి, పాలిష్ పట్టిన నేల. రవెన్నాలో గోడల మీద, పైకప్పుల మీద తడిసున్నంలో రంగుగాజు ముక్కలు గుచ్చి బొమ్మలు కూర్చారు. బంగారు రంగు ముక్కల్లో గాజు పొరల మధ్య బంగారు రేకు ఉంటుంది. మొదటిసారి ఇలా వివరించి, ఆపైన ‘మొజాయిక్ చిత్రాలు’ అనండి. లేపాక్షి బొమ్మల్లా కుంచెతో వేసినవి కావు గనుక ‘వర్ణచిత్రం’, ‘గీశారు’ పనికిరావు. ‘కూర్చారు’, ‘పొదిగారు’ సరైనవి. చెరిపేయడానికీ ఇదే వర్తిస్తుంది. నువొవొ చర్చిలో థియొడొరిక్ రాజభవనం బొమ్మ ఉంది. బైజాంటియన్ల (తూర్పు రోమన్ సామ్రాజ్యం వాళ్ల) ఏలుబడి వచ్చాక అందులోని మనుషుల్ని తొలగించి తెరలు పెట్టారు. స్తంభాల మీద కొన్ని చేతులు మాత్రం అలాగే మిగిలిపోయాయి. అక్కడ ‘తుడిచేశారు’ కాదు, ‘పెకలించారు’ అనాలి.

ఇక బహువచనం. గది–గదులు, కత్తి–కత్తులు వరుసలో ‘చర్చులు’ వ్యాకరణానికి నప్పుతుంది. అయినా పత్రికల్లో, జనం నోట ‘చర్చిలు’ స్థిరపడింది, అదే రాయండి. ‘చర్చీలు’ అనాలంటే ఏకవచనంలో కూడా కుర్చీలాగా ‘చర్చీ’ అనాలి. అలా రాసేవాళ్లు తక్కువ.