తేనెటీగలు పోతే తిండి దొరకదా? నా గుమ్మడి పాదు చెప్పిన జవాబు

తేనెటీగలు అంతరిస్తే నాలుగేళ్లలో మనిషీ అంతమవుతాడట, నిజమేనా అని అడిగారు. ఐన్‌స్టీన్ పేరు మీద తిరిగే మాట అది, ఆయన అన్నట్టు ఆధారమే లేదు. వరి, గోధుమలు తమంతట తామే గింజ కడతాయి, మొక్కజొన్నకు గాలి చాలు. కాబట్టి కడుపు నిండుతుంది. పళ్లూ కూరగాయలే కరువవుతాయి, నా భయమంతా అదే.

ఒక ఏడాది నా గుమ్మడి పాదుల నిండా పూలే. పిందె నిమ్మకాయంత అయ్యేసరికి పసుపుపచ్చగా తిరిగి రాలిపోయేది. ఎరువు చాలలేదన్నారు, వేశాను. విత్తనం మంచిది కాదన్నారు, మార్చాను. చివరికి ఒకరోజు తెల్లవారకముందే వెళ్లి పాదు పక్కన కూర్చున్నాను. ఎండెక్కేదాకా ఒక్క తేనెటీగ వాలలేదు! గుమ్మడి పువ్వు పొద్దున విచ్చి మధ్యాహ్నానికల్లా ముడుచుకుపోతుంది. పుప్పొడి బరువుగా, జిగటగా ఉంటుంది, గాలికి ఎగరదు, మగ పువ్వు నుంచి ఆడ పువ్వుకు ఈగలే మోయాలి. మర్నాటి నుంచి మగ పువ్వు కోసి, రేకలు తీసేసి, ఆడ పువ్వు లోపల నేనే అద్దాను. అద్దిన పిందెలు నిలిచాయి. ఒక్క పూట వెళ్లకపోతే ఆ రోజు విచ్చిన పూలన్నీ దండగ. పది పాదులకే నడుం పట్టేసింది. చైనాలోని హన్యువాన్‌లో పియర్ చెట్లెక్కి మనుషులు ఇదే పని చేస్తున్నారని తర్వాత తెలిసి గుండె కలుక్కుమంది.

కారణం పక్క చేనే. పూత మీద, సరిగ్గా ఈగలు మేతకొచ్చే పొద్దుటి పూట మందు కొట్టేవారు. గట్టు మీద చచ్చిన ఈగల్ని గుప్పెడు ఏరి చూపించి, సాయంత్రం కొట్టండని బతిమాలాను. ఈగల కోసం పని ఆపుకోవాలా అన్నారు. ఆ మాట ఇప్పటికీ మంటే. ఐరోపా సమాఖ్య 2018లో ఇమిడాక్లోప్రిడ్‌తో సహా మూడు పురుగుమందులను, తేనెటీగలకు ముప్పని, ఆరుబయట వాడకూడదని నిషేధించింది. అంత దూరం పోకపోయినా వేళ మార్చుకోవచ్చు కదా.

తేనెటీగలు పెంచే పెట్టెలు పెడితే సరిపోతుందనేవాళ్లతోనూ నాకు పేచీ ఉంది. ప్రపంచం మొత్తం మీద పెంపుడు పెట్టెలు పెరుగుతూనే ఉన్నాయి. దెబ్బతింటున్నవి నేలలో బొరియలు చేసుకుని ఒంటరిగా బతికే ఈగలు, తుమ్మెదలు. టమాటా పువ్వును ఝుమ్మని అదిలించి పుప్పొడి రాల్చడం తుమ్మెదకు వచ్చు, తేనెటీగకు రాదు. అందుకే పాదుల పక్కన కాస్త నేల తవ్వకుండా, మందు పడకుండా వదిలేశాను. అక్కడ ఇప్పుడు ఏడు బొరియలున్నాయి.