సముద్రంలో పడిన ప్లాస్టిక్ కొన్నాళ్లకు కరిగిపోతుందా?

కరిగిపోదు; 5 మిల్లీమీటర్ల కన్నా చిన్న తునకలుగా, అంటే మైక్రోప్లాస్టిక్‌గా విడిపోయి, జీవుల నోటికి మరింత సులువుగా అందే రూపంలో అక్కడే ఉండిపోతుంది. ఎండలోని అతినీలలోహిత కిరణాలు ప్లాస్టిక్‌లోని పొడవైన అణువుల గొలుసులను తెంచి దానిని పెళుసుగా మారుస్తాయి, ఆపై అలల తాకిడికి, ఇసుక రాపిడికి అది పొడిగా రాలుతుంది. కానీ ఆ పొడిని సూక్ష్మజీవులు విచ్ఛిన్నం చేయడం అత్యంత నెమ్మదిగా సాగుతుంది.

ఉదాహరణకు, సముద్రపు నీటిలో తేలియాడే కోపెపాడ్‌ను తీసుకుందాం. ఒకటి రెండు మిల్లీమీటర్ల పొడవుతో గాజులా పారదర్శకంగా ఉండే ఈ జీవికి ఆహారం సూక్ష్మ శైవలాలు. ప్రయోగశాలలో శైవలాలతో పాటు పాలిస్టైరీన్ అనే ప్లాస్టిక్‌తో చేసిన సన్నని పూసలను కూడా నీటిలో కలిపినప్పుడు, ఆ పూసలు దాని పేగులో పేరుకుపోయి సూక్ష్మదర్శినిలో స్పష్టంగా కనిపించాయి; అది తినే శైవలం తగ్గింది, పెట్టిన గుడ్లు చిన్నవయ్యాయి, వాటిలో పిల్లలైనవి కూడా తగ్గాయి. ఎన్నో చేపపిల్లలకు కోపెపాడ్లే ఆహారం కనుక దీనిని తేలికగా తీసుకోలేము.

ఈ కాలుష్యమంతా సీసాలు, సంచుల నుంచే వస్తుందనుకోవడం పొరపాటు. ఒక రకం ప్లాస్టిక్ పోగులే అయిన పాలిస్టర్ వంటి వాటితో నేసిన బట్టలను ఉతికినప్పుడు ఊడే పోగులు, వాహనాల టైర్లు అరిగి రాలే పొడి మొదటి నుంచీ మైక్రోప్లాస్టిక్‌గానే నదుల గుండా సముద్రానికి చేరుతున్నాయి, వీటిని ఏ వలతోనూ తిరిగి ఏరలేము.