భానుమతి గురించి రాస్తున్న అమ్మాయికి

హనుమకొండ

చిరంజీవి బిడ్డకు ఆశీస్సులు.

భానుమతీ రామకృష్ణ మీద నువ్వు రాసి పంపిన వ్యాసం ఆసాంతం చదివాను. బాగా శ్రమపడ్డావు. పుట్టిన ఊరు ఒంగోలు దగ్గరి దొడ్డవరమనీ, తొలి చిత్రం 1939 నాటి ‘వరవిక్రయం’ అనీ, పద్మశ్రీ 1966లో, పద్మభూషణ్ 2001లో వచ్చాయనీ, 2005 డిసెంబరు 24న చెన్నైలో కన్నుమూశారనీ రాసినవన్నీ సరిగానే ఉన్నాయి. అయితే గాయని, నటి, దర్శకురాలు, రచయిత్రి అని నాలుగు భాగాలు చేసి, ఒక్కో దానిలో ఒక్కో జాబితా నింపావు. అందువల్ల వ్యాసంలో నలుగురు మనుషులు కనిపిస్తున్నారు గాని భానుమతి కనిపించడం లేదు. నేను గమనించినంతవరకు ఆమె పనులన్నిటికీ మూలం ఒక్కటే: తన గొంతును ఇంకొకరి చేతికి ఇవ్వకపోవడం. వ్యాసాన్ని అక్కడినుంచి మొదలుపెట్టు.

సంగీతాభిమాని అయిన తండ్రి బొమ్మరాజు వెంకటసుబ్బయ్య దగ్గరే ఆమెకు పాట అబ్బింది. తెర మీద కనిపించేవారే పాడుకోవలసిన కాలంలో ఆమె చిత్రరంగానికి వచ్చారు. తరువాత నేపథ్యగానం స్థిరపడి, కథానాయికలకు వేరే గాయనులు పాడటం మామూలైపోయినప్పటికీ, ఆమె మాత్రం తన పాట తానే పాడుకున్నారు. దీన్ని నువ్వు ఒక విశేషంగా ఒక్క వాక్యంలో చెప్పి దాటిపోయావు. నటనకు దానివల్ల ఏం ఒనగూడిందో చూడలేదు. ముందుగా రికార్డు చేసిన పాటకు పెదవులు కదిలించేటప్పుడు, ఆ పాట పాడిన మనిషికి ఊపిరి ఎక్కడ తీసుకున్నదీ, ఏ అక్షరం మీద గొంతు బరువు మోపిందీ తెలిసే ఉంటుంది. 1951లో బి.ఎన్.రెడ్డి తీసిన ‘మల్లీశ్వరి’లో ‘పిలచిన బిగువటరా’ పాటను ఒకసారి కళ్లు మూసుకొని విను, ఇంకోసారి శబ్దం తీసేసి చూడు. రెండుసార్లూ ఒకే బిగువు, ఒకే కొంటెతనం తెలుస్తాయి. సాలూరి రాజేశ్వరరావు సంగీతాన్నీ, దేవులపల్లి కృష్ణశాస్త్రి సాహిత్యాన్నీ ఎంత మెచ్చుకున్నా తక్కువే, కానీ వాటి దగ్గరే ఆగిపోతే భానుమతి వాటా మిగిలిపోతుంది.

‘విప్రనారాయణ’ (1954) విషయంలో ఇంకా కొంత తీరిక తీసుకో. అందులో దేవదేవి ఒక భక్తుణ్ణి లొంగదీయడానికి పంతం పట్టి వచ్చిన వేశ్య. ‘ఎందుకోయీ తోటమాలి’ పాటలో ఊరించిన గొంతే, జయదేవుని ‘సావిరహే తవ దీనా’ అష్టపదిలో విరహాన్ని పలుకుతుంది. ఆమె కంఠం సన్నని తీయని కంఠం కాదు, దానిలో ఒక గంభీరమైన నిండుదనం ఉంది. అలాంటి గొంతుతో లాలనగా పాడినప్పుడు ఆ లాలనలో కొంత అధికారం కూడా వినిపిస్తుంది. దేవదేవి పాత్రకు అదే ప్రాణమని నేననుకుంటాను. నువ్వు ఒప్పుకోకపోతే ఎందుకో రాయి, అప్పుడు వ్యాసం నీదవుతుంది.

గొంతు తనదైన మనిషి సంస్థ కూడా తనదే కావాలనుకోవడంలో ఆశ్చర్యం లేదు. ‘కృష్ణప్రేమ’కు సహాయ దర్శకుడిగా పనిచేసిన పి.ఎస్.రామకృష్ణారావును 1943లో పెళ్లాడి, ఆ తరువాత కొడుకు భరణి పేరుతోనే ఇద్దరూ చిత్రనిర్మాణ సంస్థను నెలకొల్పారు. 1953లో ‘చండీరాణి’కి ఆమె దర్శకత్వం వహించి, తెలుగులో తొలి మహిళా దర్శకురాలయ్యారు. ఈ ‘తొలి’ అనే బిరుదు దగ్గరే నీ కలం ఆగిపోయింది. ఆ చిత్రాన్ని తెలుగు, తమిళం, హిందీ మూడింటిలోనూ తీశారనీ, అందులో ఆమెది ద్విపాత్రాభినయమనీ, అప్పటికామెకు ముప్ఫై ఏళ్లయినా నిండలేదనీ కలిపి చూస్తేనే అది ఎంత పనో పాఠకుడికి బోధపడుతుంది. మరుసటి ఏడాది ‘చక్రపాణి’కి సంగీతం కూడా ఆమే సమకూర్చారు. అయితే రామకృష్ణారావును మరుగున పడేయకు. ‘విప్రనారాయణ’కూ, ‘బాటసారి’కీ ఆయనే దర్శకుడు. ఆమె స్వయంగా తీసిన వాటిలో ‘బాటసారి’కి సాటివచ్చేది నాకు కనిపించలేదు. పిల్లలతోనే పాత్రలన్నీ వేయించి తీసిన ‘భక్త ధ్రువ మార్కండేయ’ (1982) సాహసమే గాని, సాహసాన్ని మెచ్చుకోవడం వేరు, సినిమాను మెచ్చుకోవడం వేరు.

ఆమె పొగరు గురించి నువ్వు రాసిన పేజీని తీసేయి. ‘మిస్సమ్మ’లో మొదట ఆమెను తీసుకోవడం, నిర్మాత చక్రపాణితో విభేదం రావడం, ఆ పాత్ర సావిత్రికి దక్కడం వాస్తవాలు, వాటి చుట్టూ అల్లుకున్న సంభాషణలు చెప్పేవారిని బట్టి మారుతుంటాయి. ‘నాలో నేను’లో ఆమె చెప్పుకున్న మాటల్ని వాడుకో, దానికి జాతీయ పురస్కారం కూడా వచ్చింది. కానీ ఆత్మకథలో ప్రతివారూ తమ తరఫున తామే వకీలు అన్నది మరవకు.

‘అత్తగారి కథలు’ గురించి నువ్వు రాసింది మరీ తక్కువ. మడీ, ఆచారమూ, మొండితనమూ, అమాయకత్వమూ కలిసిన ఆ అత్తగారిని కోడలు ద్వేషించదు, పూజించదు. పక్కన నిలబడి చూసి నవ్వుతుంది. ఆడవాళ్ల వంటింటి విషయాలను ఆడమనిషే హాస్యంగా రాయడం మన సాహిత్యంలో ఇప్పటికీ అరుదే. 1984లో ‘మంగమ్మగారి మనవడు’లో ఆమె నానమ్మగా వచ్చి జనాన్ని మెప్పించినప్పుడు, ఆ దబాయింపు వెనకాల ఈ రచయిత్రి కూడా ఉందని నాకనిపిస్తుంది.

ఓరుగల్లుతో ఆమెకు చుట్టరికం కలపాలన్న ఆరాటం వద్దు. ‘పల్నాటి యుద్ధం’ (1966)లో ఆమె ధరించిన నాగమ్మను మన కరీంనగర్ ప్రాంతపు ఆడబిడ్డగా చెప్పుకుంటారన్న మాట ఒక్క వాక్యానికి సరిపోతుంది. దానికంటే మీ జమ్మికుంటలో ఎనభై దాటినవాళ్లను కలువు. ‘మల్లీశ్వరి’ వచ్చిననాటికి మనది హైదరాబాద్ రాష్ట్రం, మన పెద్దల్లో చాలామంది బడిలో ఉర్దూ చదివినవాళ్లు. ఆ తెలుగు పాటలు వారికి ఎట్లా చేరాయో, ఎవరి నోట విన్నారో అడిగి రాసుకో. సంవత్సరాలు మాత్రం వారి జ్ఞాపకాన్ని నమ్మి రాయకు, పాత పాటల పుస్తకాలతోనూ పత్రికలతోనూ సరిచూసుకో. హనుమకొండ వచ్చినప్పుడు రాజరాజనరేంద్ర ఆంధ్ర భాషా నిలయంలో వెతుకుదాం, నేనూ వస్తాను.

తిరగరాసిన ప్రతిని పోస్టులోనే పంపు, ఫోనులో చదవడం నా కళ్లకు కష్టంగా ఉంది.

ఇట్లు
నీ శ్రేయోభిలాషి