కాసు ఎన్ని గ్రాములు? కనకం ఏ మొక్క?

ప్రశ్న: మా అమ్మమ్మ 1958లో రాసిన వీలునామాలో "నలభై కాసులపేరు ఒకటి, మూడు తులాల గొలుసు ఒకటి" అని ఉంది. కాసంటే 8 గ్రాములు కదా, 320 గ్రాములు ఉండాలని మా చెల్లెలు అంటోంది. ఉన్న పేరు 61 గ్రాములే తూగింది. మధ్యలో ఎవరైనా తీసేశారా? తులానికి ఏ లెక్క పట్టుకోవాలి?
(పాఠకురాలు, ఏలూరు)

జవాబు: ఎవరినీ అనుమానించకండి. ముందు పేరులో బిళ్లలు లెక్కపెట్టండి. నలభై ఉంటే లెక్క సరిపోయినట్టే.

ఆంధ్ర జిల్లాల్లో "కాసు బంగారం" అంటే 8 గ్రాములు, అది ఎత్తు. కాసులపేరు విషయంలో మాత్రం కాసు అంటే బిళ్ల. లక్ష్మీదేవి బొమ్మ అచ్చుగుద్దిన పలచటి రేకు బిళ్లలవి. ఒక్కోటి గ్రాము, గ్రామున్నర తూగడం మామూలే. మీ 61 గ్రాములను నలభైతో భాగిస్తే ఒక్కో బిళ్లకు గ్రామున్నర పడుతుంది. ఎత్తు చెప్పదలచినవారు "నలభై కాసుల ఎత్తు" అనో "నలభై కాసుల బంగారం" అనో రాసేవారు. "నలభై కాసులపేరు" అన్నది బిళ్లల సంఖ్యే. ఇలాంటి తగువుల్లో సగం ఈ ఒక్క మాట దగ్గరే పుడతాయి.

ఇక తులం. పాత తులం 180 గ్రెయిన్లు, అంటే 11.664 గ్రాములు. గురిగింజల లెక్కలో 96 గింజలు. 1956లో మెట్రిక్ తూనికల చట్టం వచ్చింది. 1960ల్లో గ్రాములు దుకాణాల్లో స్థిరపడ్డాక తులం అన్న మాట పోలేదు గానీ దాని విలువ 10 గ్రాములకు దిగింది. తెలంగాణలో నేడు "తులం ధర ఎంత" అని అడిగితే చెప్పేది పది గ్రాముల ధరే. మీ కాగితం 1958 నాటిది కనుక పాత తులమే పట్టుకోవాలి. మూడు తులాలంటే 34.99 గ్రాములు. కొత్త లెక్కన 30 అనుకుంటే ఐదు గ్రాములు పోగొట్టుకున్నట్టే. గొలుసు ఇప్పుడు 34 చిల్లర తూగినా కంగారు అక్కర్లేదు. రోజూ మెడలో ఉన్న గొలుసు లంకెలు రాసుకుని అరుగుతుంది.

నెల్లూరు, చిత్తూరు వైపు ఇదే 8 గ్రాములను "సవర" అంటారు. అది ఇంగ్లండు సవరిన్ నాణెం పేరే. ఆ నాణెం అసలు బరువు 7.988 గ్రాములు, 22 క్యారట్లు. అందులో శుద్ధ బంగారం 7.322 గ్రాములు. దాన్నే 8గా సర్దుకున్నారు.

పంచుకునేటప్పుడు ఎత్తు ఒక్కటే చూస్తే చాలదు, మచ్చ, అంటే బంగారం శుద్ధి, కూడా చూడాలి. పాత నగలన్నీ 22 క్యారట్లే అన్న నమ్మకం తప్పు. పైగా 1963లో 14 క్యారట్లకు మించి కొత్త నగలు చేయకూడదన్న నిబంధన వచ్చింది. దాని ప్రభావంలో తయారైన నగలు ఇంకా చాలా ఇళ్లలో ఉన్నాయి. మీ గొలుసు 35 గ్రాములు ఉండి 20 క్యారట్లు (833) అని తేలితే, 22 క్యారట్ల (916) లెక్కన అది 31.83 గ్రాములకు సమానం. 35ను 833తో గుణించి 916తో భాగిస్తే వచ్చేది అదే.

పరీక్షకు భారత ప్రమాణాల సంస్థ (బి.ఐ.ఎస్.) గుర్తింపు ఉన్న హాల్‌మార్కింగ్ కేంద్రానికి వెళ్లండి. ముందు ఎక్స్‌రే యంత్రం కింద పెడతారు. అది పైపొరనే చదువుతుంది కనుక మెరుగు పెట్టిన నగను ఎక్కువ మచ్చగా చూపవచ్చు. అతుకుల దగ్గర టంకం ఉంటుంది కాబట్టి అక్కడ తక్కువ చూపుతుంది. మూడు నాలుగు చోట్ల చూడమనండి. అనుమానం తీరకపోతే చిన్న ముక్క తీసి పుటం పెట్టే పరీక్ష చేయించాలి, అదే ఖరారు. లక్క నింపిన గుండ్లు, రాళ్లు, దారం ఉంటే వాటి బరువు తీసేయాలి. మాట మీద లెక్క వద్దు, తీసేసిన గ్రాములు కాగితం మీద రాయించుకోండి.


ప్రశ్న: "కాసుకు కొరగాడు" అని తిడతాం, "కాసు బంగారం" అని మురుస్తాం. ఒకే మాట పనికిమాలినదీ విలువైనదీ ఎలా అయింది?
(పాఠకుడు, రాజమహేంద్రవరం)

జవాబు: కాసు అంటే మూలంలో నాణెం, అంతే. ఏ లోహమన్నది ఆ మాటలో లేదు. చెన్నపట్నం నాణేల లెక్కలో కాసు రాగి నాణెం, అన్నిటికన్నా చిన్నది. 80 కాసులు ఒక పణం, 42 పణాలు ఒక వరహా. అంటే ఒక బంగారు వరహాకు 3,360 కాసులు. 1818లో కంపెనీవారు వరహాను పక్కనబెట్టి రూపాయిని ప్రమాణం చేసినప్పుడు 100 వరహాలకు 350 రూపాయలు కట్టారు. ఆ లెక్కన రూపాయికి 960 కాసులు. తిట్టులో ఉన్నది ఈ రాగి కాసు.

బంగారు కాసు ఆ తర్వాతి సంగతి. రాణి బొమ్మ, రాజు బొమ్మ ఉన్న సవరిన్లు మన ఊళ్లకు చేరినప్పుడు వాటినీ కాసులే అన్నారు, నాణేలే కదా. 1918లో బొంబాయిలో కూడా సవరిన్లు ముద్రించారు. కంసాలి ఆ నాణేన్ని తక్కెడలో రాయిగా వాడితే కాసు తూనిక అయింది. సొమ్ము చెలామణిలోంచి పోయినా తూనిక నిలిచింది.

మీరు అడగలేదు గానీ వరహాదీ ఇలాంటి కథే. వరాహం అంటే అడవిపంది. చాళుక్యుల నాణేల మీద విష్ణువు వరాహావతారానికి గుర్తుగా పంది బొమ్మ ఉండేది, ఆ పేరే తర్వాత విజయనగర నాణేనికీ నిలిచింది. మృగం పేరు దేవుడికి, దేవుడి పేరు నాణేనికి వచ్చాయి. విజయనగర వరహా సుమారు 3.4 గ్రాములు, అంటే నేటి కాసులో సగం కూడా లేదు. "వెయ్యి వరహాలు ఇచ్చాడు" అని పాత దానశాసనంలో చూసి 8 గ్రాముల చొప్పున గుణించేవారికి ఇది గుర్తుచేయాలి.


ప్రశ్న: రెండు కాసుల గాజులు కొంటే బిల్లు అర్థం కాలేదు. ధర, తరుగు, మజూరీ, పన్ను... ఏది దేనిమీద వేస్తారు?
(పాఠకురాలు, విజయనగరం)

జవాబు: గ్రాము 22 క్యారట్ల ధర 10,000 అనుకుందాం, లెక్క తేలిక కోసం. రెండు కాసులంటే 16 గ్రాములు, 1,60,000 రూపాయలు. తరుగు 12 శాతం అంటే 19,200. రెండూ కలిపి 1,79,200. దానిమీద జీఎస్టీ 3 శాతం 5,376. మొత్తం 1,84,576. హాల్‌మార్కు రుసుము నగకు కొన్ని పదుల రూపాయలే, అంతకన్నా వందల్లో వేస్తే అడగండి.

మీ బిల్లులో తరుగు, మజూరీ రెండూ విడివిడిగా ఉన్నాయంటే ఆగి చూడాలి. తరుగు అంటే ఒకప్పుడు కొలిమిలో, ఆకురాయిలో పోయిన పొడి. యంత్రం మీద చేసిన గాజుకు అంత పొడి పోదు. ఇప్పుడు తరుగు పేరుతో తీసుకునేది నిజానికి మజూరీయే. రెండూ వేశారంటే ఒకే పనికి రెండుసార్లు ఇచ్చినట్టు. బేరం ఆడాల్సింది ఇక్కడే, గ్రాము ధర దగ్గర కాదు.

నగ మీద మూడు గుర్తులు ఉండాలి: బి.ఐ.ఎస్. ముద్ర, 22కె916 వంటి మచ్చ, అక్షరాలూ అంకెలూ కలిపి ఆరు ఉండే హెచ్.యు.ఐ.డి. (ఒక్కో నగకు విడిగా ఇచ్చే గుర్తింపు సంఖ్య). 2023 ఏప్రిల్ 1 నుంచి ఈ ఆరంకెల గుర్తు లేకుండా హాల్‌మార్కు నగ అమ్మకూడదు. రెండు గ్రాముల లోపు వస్తువులకు మినహాయింపు ఉంది. బి.ఐ.ఎస్. కేర్ యాప్‌లో ఆ గుర్తు కొడితే నగ రకం, మచ్చ, పరీక్షించిన కేంద్రం వస్తాయి. గాజు మీద కొట్టిన గుర్తుకు యాప్‌లో "ఉంగరం" అని వస్తే ఆ గాజు తీసుకోవద్దు. బిల్లులో "రెండు కాసులు" అని రాస్తే ఒప్పుకోకండి, నికర బరువు గ్రాముల్లోనే ఉండాలి.


ప్రశ్న: తాతగారి వైద్యపు రాతప్రతిలో ఆయాసానికి ఒక యోగం ఉంది. "కనక బీజములు శుద్ధి చేసి" అని మొదలవుతుంది. బంగారు గింజలంటే ఏమిటి? ఇంకో చోట "హేమ" అని మాత్రమే ఉంది. ఇంట్లో చేసుకోవచ్చా?
(పాఠకుడు, నంద్యాల)

జవాబు: చేసుకోకూడదు. కనక బీజాలంటే ఉమ్మెత్త గింజలు. విషం.

సంస్కృతంలో బంగారం పేర్లన్నీ ఉమ్మెత్తకు చెల్లుతాయి. అమరకోశం ఉమ్మెత్తను "కనకాహ్వయః" అంటుంది, కనకం పేరు గలది అని. అదే కోశం నాగకేసరాన్ని "కాంచనాహ్వయః" అంది. అంటే మీ ప్రతిలోని "హేమ" మూడింటిలో ఏదైనా కావచ్చు. పక్క మాట చూసి తేల్చాలి. "బీజ", "పత్ర" ఉంటే ఉమ్మెత్త వైపు చూడాలి. "భస్మ", "రేకు" ఉంటే లోహం. దాల్చిన, ఏలకి, ఆకుపత్రితో కలిపి చెబితే నాగకేసరం కావడానికే అవకాశం ఎక్కువ. ఒంటరిగా ఉంటే ఊహించవద్దు. ఆయుర్వేద కళాశాలలో ద్రవ్యగుణం చెప్పే అధ్యాపకులకు మొత్తం పుట చూపించండి, ఒక్క వాక్యం కాపీ చేసి పంపితే వారూ చెప్పలేరు.

దుకాణాల్లో దొరికే కనకాసవంలో కూడా బంగారం లేదు, ఉన్నది ఉమ్మెత్తే. వైద్యుడి పర్యవేక్షణలోనే వాడాలన్న విషద్రవ్యాల జాబితాలో ఉమ్మెత్త ఉంది. బంగారం తూచే గురిగింజ కూడా అదే జాబితాలో ఉంది. గురిగింజ పైతొక్క గట్టిది కనుక మింగితే చాలాసార్లు అలాగే బయటికి వస్తుంది. నమిలినా, దండకోసం తొలిచినా లోపలి విషం బయటపడుతుంది. పసిపిల్లల చేతికి గురిగింజల దండ ఇవ్వవద్దు.

ఉమ్మెత్త గింజలతో అసలు ప్రమాదం అవి మిరప గింజల్లా కనిపించడం. మిరప గింజ లేత పసుపు రంగులో గుండ్రంగా, నాలికకు కారంగా ఉంటుంది. ఉమ్మెత్త గింజ గోధుమ రంగులో మూత్రపిండం ఆకారంలో ఉంటుంది, రుచి చేదు. (రుచి చూసి తేల్చుకునే ప్రయత్నం వద్దు.) తిన్నవారికి నోరు ఎండుతుంది, కనుపాపలు పెద్దవవుతాయి, చర్మం ఎర్రబడి కాలుతుంది గానీ చెమట పట్టదు, గుండె వేగంగా కొట్టుకుంటుంది, మూత్రం బిగుస్తుంది. తర్వాత సంధి మాటలు, లేని దారాలు లాగుతున్నట్టు చేతులాడించడం. మజ్జిగ, చింతపులుసు అంటూ కాలయాపన చేయకుండా, వాంతి చేయించకుండా 108కి ఫోన్ చేయండి. మిగిలిన గింజలు గానీ కాయ గానీ ఉంటే వెంట తీసుకెళ్లండి.

బంగారం పేరుతో తిరిగే మరికొన్ని: స్వర్ణమాక్షికం రాగి, ఇనుము, గంధకం కలిసిన ఖనిజం. స్వర్ణపత్రి సునాముఖి ఆకు, విరేచనకారి. కాంచనారం దేవకాంచనం చెట్టు పట్ట. స్వర్ణక్షీరితో మాత్రం జాగ్రత్త. పసుపు పాలు కారే బ్రహ్మదండిని, అంటే బలురక్కసిని, చాలామంది స్వర్ణక్షీరి అంటారు. కానీ ఆ మొక్క మెక్సికో నుంచి వచ్చింది, ప్రాచీన గ్రంథకర్తలు దాన్ని చూసి ఉండరు. దాని గింజల నూనె ఆవనూనెలో కలిస్తే కాళ్లు వాచి గుండె దెబ్బతింటుంది. 1998లో ఢిల్లీలో అదే జరిగింది.


ప్రశ్న: నాన్నగారి ఆబ్దికానికి భోక్తలు దొరకడం లేదు. "హిరణ్యశ్రాద్ధం పెట్టండి" అన్నారు ఒకరు. బంగారం ఇవ్వాలా?
(పాఠకుడు, డల్లాస్)

జవాబు: అక్కర్లేదండీ. ఇక్కడ హిరణ్యం అంటే డబ్బు. వండి పెట్టేది అన్నశ్రాద్ధం, బియ్యం, పప్పు, కూరలు పచ్చివి ఇచ్చేది ఆమశ్రాద్ధం, భోజనానికి బదులు ద్రవ్యం ఇచ్చేది హిరణ్యశ్రాద్ధం. డాలర్లలో ఇచ్చినా అదే. శాసనాల్లోనూ పన్నుల దగ్గర ధాన్యం, హిరణ్యం అని విడివిడిగా వస్తే రెండోది రొక్కంలో కట్టేదని అర్థం. తిథి, తర్పణం, పిండాల విషయంలో మీ సూత్రం, శాఖ చెప్పి పురోహితుణ్ణి అడగండి.


ప్రశ్న: స్వర్ణముఖి నదిలో బంగారం ఉందా?
(పాఠకుడు, శ్రీకాళహస్తి)

జవాబు: గుడి కట్టిన కూలీలకు ఏటి ఇసుకే పనికి తగ్గట్టు బంగారమైందని మీ ఊరి స్థలపురాణం. ఇసుక జల్లెడపట్టి బతికినవారు మాత్రం అక్కడ లేరు. ఇదే పేరున్న మరో ఏరు, సువర్ణముఖి, ఉత్తరాంధ్రలో నాగావళిలో కలుస్తుంది. పటంలో రెండిటినీ కలిపేయకండి.

నిజంగా బంగారం తవ్విన చోట్లు వేరు: అనంతపురం వైపు రామగిరి, చిత్తూరు జిల్లాలో కోలారు పట్టీకి కొనసాగింపుగా ఉన్న చిగురుగుంట, బిసానత్తం. కర్నూలు జిల్లా జొన్నగిరిలోనూ బంగారు శిలలున్నాయి. అశోకుడి శాసనాల్లో వచ్చే సువర్ణగిరి ఈ జొన్నగిరే అని కొందరు చరిత్రకారులు అంటారు, కర్ణాటకలోని కనకగిరి అని మరికొందరు. జొన్నగిరి పక్కనే ఎర్రగుడిలో అశోకుడి శిలాశాసనాలు ఉండటం మొదటివారికి బలం. తొలకరి పడగానే ఆ చేలల్లో జనం తలలు వంచుకుని వెతికేది మాత్రం బంగారం కోసం కాదు, వజ్రాల కోసం.