అమ్మాయిల పుస్తకాలు ఏ బీరువాలో ఉంటాయి?

శాఖా గ్రంథాలయాల్లో ముప్పై ఒక్కేళ్ళు పనిచేసి కావలిలో రిటైరైనదాన్ని. పోయిన నెల ఈ శీర్షికలో “మీ ఇంట్లో ఆడపిల్ల ఏం చదువుతోంది?” అని ఒక్క మాట అడిగాను. పరీక్షలకు ఏం చదువుతోందో, ఎన్ని మార్కులొచ్చాయో రాసిన ఉత్తరాలు పక్కన పెడితే మిగిలినవి ఆరు. వాటికి జవాబులివి.

*

ప్రశ్న: మా పాపకు పన్నెండేళ్ళు, ఏడో తరగతి. తెలుగు బాగానే చదువుతుంది. నీతికథల పుస్తకం ఇస్తే “చివర్లో ఏం చెప్తారో నాకు తెలుసులే” అని పక్కన పడేస్తుంది. తన ఈడు ఆడపిల్లల గురించి పుస్తకాలున్నాయా మేడం? ఎక్కడ దొరుకుతాయి?
– ఒక తల్లి, కోవూరు

నా ఓటు మీ పాపకే అమ్మా. నీతికథలో పిల్లకు తప్పు చేయడం, దెబ్బ తినడం, బుద్ధి తెచ్చుకోవడం తప్ప వేరే పనుండదు.

ఎక్కడ దొరుకుతాయంటే, ఒక్క చోట దొరకవు. లైబ్రరీలో పుస్తకాలను డ్యూయీ పద్ధతిలో అంకెలు వేసి సర్దుతాం. వంటలకు 641 ఉంది, పెళ్ళి ఆచారాలకు 392 ఉంది. ఆడపిల్లకు విడిగా బీరువా లేదు. ఆన్ ఫ్రాంక్ డైరీ 940లో ఉండేది, రెండో ప్రపంచ యుద్ధం పుస్తకాల దగ్గర, అట్టల మీద ట్యాంకుల బొమ్మలున్న లావు సంపుటాల మధ్య ఇరుక్కుని. నేను దాన్ని తీసి పిల్లల బల్ల మీద పెట్టేదాన్ని. స్టాక్ వెరిఫికేషన్‌కి వచ్చినాయన మళ్ళీ తీసుకుపోయి యుద్ధంలో పెట్టేవాడు. ఏడాదికోసారి మా ఇద్దరికీ ఇదే పని.

మీ పాపకు మొదట ‘రైలుబడి’ ఇవ్వండి. జపాన్‌లో 1981లో వచ్చిన పుస్తకానికి తెలుగు ఇది. రాసిన టెట్సుకో కురొయనాగి అక్కడ టీవీలో బాగా పేరున్న మనిషి, తన చిన్నతనమే రాసుకుంది. ఆ పిల్ల టోటోచాన్‌ని ఒకటో తరగతిలోనే బడి నుంచి పంపించేస్తారు. చేసిన నేరం ఏమిటంటే డెస్కు మూత తీయడం, వేయడం. ఇంట్లో సొరుగున్న బల్లే తెలిసిన పిల్లకు, బడిలో పైకి లేచే మూత కనపడింది. ఇంకేముంది, పుస్తకం తీయడానికి ఒకసారి, మూయడానికి ఒకసారి, పెన్సిల్‌కి ఒకసారి, రబ్బరుకు ఇంకోసారి. అది చాలదన్నట్టు కిటికీ దగ్గర నిలబడి వీధిలో పోయే వాయిద్యాలవాళ్ళను పిలుస్తుంది. కొత్త బడిలో తరగతి గదులన్నీ పాత రైలు పెట్టెలు. అక్కడి హెడ్మాస్టరు కొబయాషి ఆ పిల్లను కుర్చీలో కూర్చోబెట్టి “చెప్పాలనుకున్నదంతా చెప్పు” అంటాడు. నాలుగు గంటలు వింటాడు. ఆవులించకుండా.

ఒక వేసవి శిబిరంలో ఈ ఘట్టం చదివి వినిపించాను. మొదటి వరసలో కూర్చున్న పిల్ల లేచి, “నాలుగు గంటలా మేడం? మా ఇంట్లో నాలుగు మాటలు చెప్పేలోపు పోయి బిందె పట్టుకురా అంటారు” అంది. మిగతా పిల్లకాయలు నవ్వలేదు. ఆ బడి 1945లో టోక్యో మీద పడిన బాంబులకు కాలిపోయిందని చెప్పడానికి ఆ రోజు నాకు నోరు రాలేదు. మీరూ ముందే చెప్పకండి.

పదమూడు నిండాక ఆన్ ఫ్రాంక్. ఆ పిల్లకు డైరీ చేతికొచ్చింది కూడా పదమూడో పుట్టినరోజుకే, 1942 జూన్ 12న. యూదుల కుటుంబం కావడంతో, నెల తిరక్కుండానే ఇంటిల్లిపాదీ నాజీల కంటపడకుండా ఆమ్‌స్టర్‌డామ్‌లో దాక్కోవలసి వచ్చింది. పాప చదివేటప్పుడు మీరూ చదవండి, అమ్మ మీద ఆ పిల్ల విసుగు చూసి ఉలిక్కిపడకండి. 1947లో మొదటిసారి అచ్చు వేసినప్పుడు తల్లి మీద కోపం, తన ఒంటి గురించి రాసుకున్న సంగతులు కొన్ని తీసేశారు. తర్వాతి కూర్పుల్లో మళ్ళీ చేర్చారు. పోయిన కూతురి డైరీ చేతిలో పట్టుకున్న తండ్రి అలా చేశాడంటే నాకు కోపం రాదు. కానీ మన పిల్లలకు ఎక్కువ పనికొచ్చేవి ఆ తీసేసిన పేజీలే.

మీ ఇంటి పన్నులో రూపాయికి ఎనిమిది పైసలు గ్రంథాలయ సెస్సు కడుతున్నారు. లైబ్రరీకి వెళ్ళి, ఈ పుస్తకాలు లేకపోతే తెప్పించమని రాసివ్వండి. మొహమాటం వద్దు, మీ డబ్బే అది.

*

ప్రశ్న: డిగ్రీ చదువుతున్నాను. ఇంగ్లీషులో అమ్మాయిలు ఎదిగే కథలు బోలెడు కనిపిస్తున్నాయి. తెలుగులో ఎందుకు లేవు మేడం?
– ఒక విద్యార్థిని, బుచ్చిరెడ్డిపాళెం

బొత్తిగా లేకపోలేదు తల్లీ. కానీ మన పుస్తకాల్లో ఆడపిల్ల పాపాయిగా ఉంటుంది, పేజీ తిప్పేసరికి పెళ్ళికూతురై ఉంటుంది. మధ్యలో పదేళ్ళు ఎక్కడ పోయాయో ఎవరూ చెప్పరు.

‘కన్యాశుల్కం’ తీసుకో, 1897లో అచ్చయింది. పసిపిల్ల సుబ్బిని ముసలి లుబ్ధావధాన్లుకు ఇవ్వాలా వద్దా అన్నదాని చుట్టూ అంత రభస నడుస్తుంది. తీరా పెళ్ళికూతురి వేషంలో మన ముందుకొచ్చి మాట్లాడేది ఎవరు? కరటకశాస్త్రి శిష్యుడు, మగపిల్లాడు! గురజాడ మీద ఫిర్యాదు కాదిది. ‘పూర్ణమ్మ’ రాసి ఊళ్ళను ఏడిపించినవాడాయన. అయినా పూర్ణమ్మ మనకు గుర్తుండేది పుత్తడి బొమ్మగానే. ఇక ముళ్ళపూడి వారి ‘బుడుగు’లో పక్కింటి సీగానపెసూనాంబ ఉంది. ఆ పేరు తలుచుకుంటే ఇప్పటికీ నవ్వొస్తుంది నాకు. లోకమంతా బుడుగు కళ్ళతో చూశాం, ఆ పిల్ల జడ వెనక ఏముందో చూడలేదు.

మన వైపే చూడు. ఖదీర్‌బాబు ‘దర్గామిట్ట కథలు’ చదివి, నెల్లూరు మాట అచ్చులో వినపడిందని పొంగిపోయినదాన్ని నేను. చదివాక ఆలోచన వచ్చింది. మగపిల్లాడి చిన్నతనానికి వీధి ఉంటుంది. చెరువుగట్టు, సినిమాహాలు, టీ అంగడి, అన్నీ ఉంటాయి. నా చిన్నతనానికి వసారా, పంపు, మేడమెట్లు ఉన్నాయి. మేడమెట్ల మీద కూడా కథలు పుడతాయి, నేను చూశాను. రాయడానికే ఎవరూ కూర్చోలేదు.

ఇదొక్క తెలుగు జబ్బే అనుకోకు. అమెరికాలో లూయిసా మే ఆల్కాట్ ‘లిటిల్ విమెన్’ మొదటి భాగం 1868లో వచ్చింది. నలుగురు అక్కచెల్లెళ్ళు, రెండో పిల్ల జో రాసుకుంటూ, అరుచుకుంటూ తిరిగే రకం. పుస్తకం మీద మోజు పడిన పాఠకులు ఉత్తరాలు రాశారు: జో ఎవరిని పెళ్ళి చేసుకుంటుంది? పక్కింటి అబ్బాయి లారీనేగా? ఆల్కాట్‌కి ఒళ్ళు మండింది. లారీకిచ్చి మాత్రం చెయ్యనని పట్టుబట్టి, రెండో భాగంలో వేరే మనిషిని చూసింది. పెళ్ళి మాత్రం తప్పించలేకపోయింది పాపం.

నవలల్లో దొరకనిది ఆత్మకథల్లో వెతుకు. కొండపల్లి కోటేశ్వరమ్మ ‘నిర్జన వారధి’ 2012లో వచ్చింది, ఆవిడ తొంభై దాటాక. కమ్యూనిస్టు ఉద్యమం గురించి చదవాలని తీస్తావు కానీ, ఊహ తెలియకముందే పెళ్ళి, వైధవ్యం రెండూ అయిపోయిన పిల్ల నిన్ను పట్టుకుని వదలదు. జాజుల గౌరి ‘మన్నుబువ్వ’ కథలు కూడా చదువు. దళితవాడలో బాల్యం. అందులో పిల్లలకు ఆకలీ ఉంది, ఆటా ఉంది. నా దగ్గరున్న కాపీ ఎవరో పట్టుకుపోయారు. ఎవరో నాకు తెలుసు, అడగడం లేదు.

ఇంగ్లీషు పుస్తకాలు నువ్వు చదువుతున్నావు, బాగుంది. మా రోజుల్లో మాకు మాలతీ చందూర్ ‘పాత కెరటాలు’ ఉండేది. పరాయి దేశాల నవలలు ఆవిడ తెలుగులో కథగా చెబుతుంటే, అసలు పుస్తకం చూడకుండానే వాటి గురించి వాదించుకునేవాళ్ళం.

*

ప్రశ్న: హైస్కూల్ టీచర్ని. ఆడపిల్లలు పెద్దమనుషులయ్యాక రెండు వారాలు బడికి రారు. వచ్చాక మునుపటిలా మాట్లాడరు. వాళ్ళ చేతికి ఇవ్వదగ్గ పుస్తకం ఏదైనా?
– ఒక ఉపాధ్యాయురాలు, ఉదయగిరి దగ్గర

టీచరమ్మా, నా సంగతే చెప్తాను. నన్ను వసారాలో ఒక మూల తాటాకుల మీద కూర్చోబెట్టారు. నా కంచం వేరు, చెంబు వేరు. పూటకింత చిమ్మిలి ముద్ద. నువ్వులూ బెల్లం తింటే నడుముకు బలమన్నారు. వచ్చిన ప్రతి పిన్నీ అత్తా బుగ్గన పసుపు పూసి వెళ్ళింది, ఒక్కరూ నాకేమైందో చెప్పలేదు. జబ్బేమో అనుకుని మూడు రోజులు దేవుడికి మొక్కుకున్నాను.

నాలుగో రోజు పక్కింటి అవ్వ వచ్చి ‘సీత సమర్త’ పాడింది. సీతమ్మ పెద్దమనిషి కావడం, ఆడవాళ్ళంతా చేరి వేడుక చేయడం. వాల్మీకి చెప్పని ముచ్చట అది, ఆడవాళ్ళ పాటల్లో ఉంది. సీతమ్మకు కూడా ఇలాగే అయిందంటే హమ్మయ్య అనుకున్నాను. స్త్రీల రామాయణపు పాటలు పుస్తకంగా కూడా వచ్చాయి. పాతది, జిల్లా కేంద్ర గ్రంథాలయంలో అడగండి. తరగతిలో పాడించండి, చదివించడం కన్నా అది మేలు.

ఇంగ్లీషు చదవగల పిల్లలుంటే జూడీ బ్లూమ్ 1970లో రాసిన నవల ఇవ్వండి. మార్గరెట్ అనే పదకొండేళ్ళ పిల్ల, స్నేహితురాళ్ళకంటే తను వెనకబడిపోతానేమోనని దేవుడితో మొరపెట్టుకుంటూ ఉంటుంది. పేరే ‘దేవుడా ఉన్నావా, నేను మార్గరెట్‌ని’ అన్నట్టు ఉంటుంది. అమెరికాలో కూడా కొన్ని బడి లైబ్రరీల్లోంచి దాన్ని తీసేయించారు. నేను తగ్గిపోవాలని మొక్కుకుంటే, ఆ పిల్ల త్వరగా రావాలని మొక్కుకుంది. దేవుడికి ఎంత టెన్షనో!

ఒక్క మాట. పుస్తకం బీరువాలో పెట్టి తాళం వేయకండి. ఒక బడికి మేం నలభై పుస్తకాలిచ్చాం. రెండేళ్ళ తర్వాత వెళ్తే కట్టిన పురికొస అలాగే ఉంది. తాళంచెవి ఎవరి దగ్గరుందో ఎవరికీ తెలియదు.

*

ప్రశ్న: పొగాకు రైతుని. మా అమ్మాయి తొమ్మిదో తరగతి. ఎప్పుడూ డిటెక్టివ్ పుస్తకాలు, దెయ్యాల కథలే. గొప్ప స్త్రీల జీవిత చరిత్రలు కొనిస్తే మూతి ముడుస్తోంది.
– ఒక తండ్రి, టంగుటూరు

అన్నా, ఆకుకు గ్రేడు కట్టండి, పుస్తకాలకు వద్దు. 1930లో మొదలైన నాన్సీ డ్రూ పుస్తకాల్లో ఆ పిల్ల తన కారు తనే నడుపుకుంటూ దొంగల వెంట పడుతుంది. అట్ట మీదున్న కరొలిన్ కీన్ అనే మనిషే లేదు. కంపెనీ పెట్టుకున్న పేరది, తొలి పుస్తకాలు రాసింది మిల్డ్రెడ్ విర్ట్ అనే ఆవిడ. ఈ సంగతి మీ అమ్మాయికి చెప్పండి, అదీ ఒక మిస్టరీయే కదా. దెయ్యాలకైతే నీల్ గైమన్ ‘కొరలైన్’ ఉంది. తలుపు అవతల అచ్చం అమ్మలాంటి ఇంకో అమ్మ, కళ్ళ స్థానంలో గుండీలు. పగలు చదవమనండి. కొన్న జీవిత చరిత్రలు మీరు చదవండి, డబ్బులు దండగ కావు.

*

ప్రశ్న: ఇంటర్ అబ్బాయిని. చెల్లి దగ్గర తెచ్చుకున్న ‘పెర్సెపోలిస్’ చదువుతుంటే హాస్టల్లో “ఆడపిల్లల బొమ్మల పుస్తకమా” అని నవ్వారు.
– ఒంగోలు

ఇరాన్‌లో 1979 విప్లవం తర్వాత ఒక పదేళ్ళ పిల్ల తల మీదకు ఉన్నట్టుండి ముసుగు వచ్చింది. మర్జాన్ సత్రపి తన కథను నలుపు తెలుపు బొమ్మల్లో గీసి చెప్పింది. నవ్వినవాళ్ళకు ఇవ్వు నాన్నా. తిరిగి రాకపోతే చెల్లికి కొత్తది కొనివ్వాల్సింది మాత్రం నువ్వే.

*

ప్రశ్న: అమ్మా, నాకు అరవై ఆరు. అయిదో తరగతితో మాన్పించారు. మనవరాలి పుస్తకాలు కూడబలుక్కుని చదువుతున్నాను. ఈ వయసులో ఆడపిల్లల కథలు చదువుతుంటే ఇంట్లో ఎగతాళిగా ఉంది.
– అల్లూరు

అక్కా, 1991లో మన నెల్లూరు జిల్లాలో పెద్దవాళ్ళకు చదువు నేర్పే ‘అక్షర దీపం’ రాత్రి బళ్ళు నడిచినప్పుడు నేనూ లాంతరు పట్టుకుని పాఠాలు చెప్పాను. మీ ఈడు వాళ్ళే వచ్చేవాళ్ళు, పక్కన కూతుళ్ళను పెట్టుకుని. తల్లికి ‘త’ వత్తు తిరక్కపోతే పిల్ల వేలు పట్టి దిద్దించేది. ఆ వాచకంలో ‘సీతమ్మ కథ’ అని ఒక పాఠం ఉండేది, తాగుడు వల్ల కాలిపోయిన సంసారం గురించి. దూబగుంట ఆడవాళ్ళు సారా అంగడి మూయించారు. అక్కణ్ణుంచి రాష్ట్రమంతా అంటుకుని 1993లో సారా నిషేధం వచ్చింది. కూడబలుక్కుని చదివినవాళ్ళ పని అది. మీ ఇంట్లో ఎగతాళి చేసేవాళ్ళకు ఇది వినిపించండి.

మీరు అయిదుతో మానేశారన్నారు. బడికి వెళ్ళిన ఆఖరి రోజు గుర్తుందా? ఆ రోజు ఏం పరికిణీ కట్టారు, పలక ఎవరికిచ్చారు, దారిలో ఎవరేమన్నారు, అది రాయండి. తెల్ల కాగితాలు వద్దు, రూళ్ళ నోటుపుస్తకం కొనండి, వరస వంకర పోదు. తప్పులు మనవరాలు దిద్దుతుంది. పది పేజీలయ్యాక నాకు పంపండి, జిరాక్సు తీయించి మీ దగ్గరొకటి ఉంచుకుని మరీ పంపండి. పోస్టులో పోతే మళ్ళీ రాయడం మీ వల్ల కాదు, అడగడం నా వల్లా కాదు.