రాజకీయ చరిత్ర రాయబోతున్న అబ్బాయికి

చిరంజీవి అబ్బాయికి,

పెదనాన్న ఆశీస్సులు. పదవీ విరమణ తరువాత, సర్వీసులో ఉండగా చూసిన రాజకీయాల మీద పుస్తకం రాయాలనుకుంటున్నావని మీ నాన్న చెప్పాడు. చాలా సంతోషం. మన అధికారుల్లో ఎక్కువమంది తెలిసినదంతా తమతోనే తీసుకుపోతారు. నువ్వలా చేయకు.

ముందు వి.పి. మేనన్‌ను మళ్ళీ చదువు. గుమాస్తాగా మొదలై, ఐసీఎస్ (బ్రిటిష్ కాలపు ఉన్నత సివిల్ సర్వీసు) కాకుండానే సర్దార్ పటేల్ దగ్గర సంస్థానాల శాఖ కార్యదర్శి అయిన మనిషి. పటేల్‌కు ఇచ్చిన మాట కోసం 1956లో సంస్థానాల విలీనం మీద, 1957లో అధికార బదిలీ మీద పుస్తకాలు రాశాడు. హైదరాబాదు విషయంలో 1947 నవంబరులో నిజాం, భారత ప్రభుత్వం ఉన్న సంబంధాలనే కొనసాగించడానికి చేసుకున్న యథాతథ ఒప్పందం నుంచి 1948 సెప్టెంబరు పోలీసు చర్య దాకా ఢిల్లీ ఏమనుకుందో తెలియాలంటే ఇవాళ్టికీ ఆయన పుస్తకం తెరవాల్సిందే.

అంతటివాడు రాసినదానిలోనూ ఒక తేదీ వివాదమైంది. కాశ్మీరు మహారాజు విలీన పత్రంపై 1947 అక్టోబరు 26న సంతకం చేశాడని, ఆ రోజు తాను జమ్ములో ఉన్నానని మేనన్ రాశాడు. మేనన్ జమ్ము వెళ్ళింది 27నే అని కొందరు చరిత్రకారులు వాదించారు. భారత సేనలు శ్రీనగర్‌లో దిగింది 27 ఉదయం. అంటే సంతకం ముందా, సేనలు ముందా అన్న ప్రశ్న ఆ ఒక్క రోజు మీదే నిలబడింది. చూశావా, ఒక అధికారి ప్రయాణం తేదీకి ఎంత బరువుందో! అందుకే నీ పాత టూర్ డైరీలు పారేయకు. ప్రతి ఘటన దగ్గరా ఇది కళ్ళారా చూసింది, ఇది ఫైలులో చదివింది, ఇది పేషీలో ఎవరో అనగా విన్నది అని విడదీసి రాయి. జీవో మీది తేదీని నిర్ణయం జరిగిన తేదీ అనుకోకు. అధికారులు వరుసగా అభిప్రాయాలు రాసే నోట్ ఫైలులో సంతకాల వరుస చూస్తే అసలు నిర్ణయం ఎక్కడ జరిగిందో కొంత తెలుస్తుంది, ఫోనులో తేలిపోయిన విషయం అక్కడా దొరకదు.

నీ పుస్తకానికి ప్రాణం నెల్లూరు జిల్లా రోజులే అని నా నమ్మకం. 1992లో దూబగుంట ఆడవాళ్ళు సారా దుకాణం మూయించారు, ఆపైన జిల్లాలో సారా దుకాణాల వేలంపాటలు జరగనివ్వలేదు. 1993 అక్టోబరులో రాష్ట్రమంతటా సారా నిషేధం వచ్చింది. 1995లో ఎన్టీఆర్ సంపూర్ణ మద్యనిషేధం తెచ్చారు, 1997లో అది సడలిపోయింది. ఫైళ్ళలో దీనంతటికీ ఎక్సైజు రాబడి లెక్కలు, శాంతిభద్రతల నివేదికలు ఉంటాయి. వేలంపాట హాలు గుమ్మంలో అడ్డంగా కూర్చున్న ఆడవాళ్ళు ఉండరు. వాళ్ళలో బతికున్నవారి దగ్గరికి వెళ్ళి అడుగు, ముఖ్యమంత్రుల గురించి రాసే ముందే వెళ్ళు. అధికారి రాసిన చరిత్రలో జనం కనబడకపోతే అది సచివాలయం చరిత్ర మాత్రమే అవుతుంది.

ఇంకొకటి. అధికార రహస్యాల చట్టం రిటైరయినవారికీ వర్తిస్తుంది. రక్షణ, నిఘా వ్యవహారాల కాగితాల జోలికి వెళ్ళకు. నువ్వు పనిచేసిన మంత్రుల్లో చనిపోయినవారి మీద నింద వేయాల్సి వస్తే, కాగితం చేతిలో ఉంటేనే వెయ్యి.

నెల్లూరు అధ్యాయం ముందు రాసి పంపు. అక్షరాలు పెద్దవిగా కొట్టించు.

పెదనాన్న