కొత్త సంస్థకు మూడేళ్లు పీఎఫ్ లేదన్నది 1997లోనే ముగిసిన మాట

ప్రశ్న: 14 నెలల క్రితం ఇంటి సామగ్రి దుకాణం తెరిచాను. తొమ్మిది నెలల క్రితం రెండో శాఖ పెట్టాను. రెండు చోట్లా కలిపి సొంత సిబ్బంది 16 మంది. కాంట్రాక్టరు పంపే హమాలీలు, ఊడ్చేవారు మరో ఆరుగురు. కాంట్రాక్టరుకు పీఎఫ్ నంబరు లేదు. అందరికీ నెలకు 12,000 చొప్పున జీతం. కొత్త సంస్థకు మూడేళ్ల వరకు పీఎఫ్ వర్తించదని తెలిసినవారు చెబితే ఊరుకున్నాను. ఇప్పుడు నోటీసు వచ్చింది. నూటికి మూడు రూపాయల వడ్డీకి ఆరున్నర లక్షలు ఇస్తామంటున్నారు, తీసుకోమంటారా? పాత నెలల వాటాను సిబ్బంది జీతాల్లో కోయవచ్చా? నాకు 4 లక్షల ఎఫ్‌డీ ఉంది కానీ, దాన్ని కదపాలని లేదు. పండగ సరుకుకు 3 లక్షలు అడ్వాన్సు కూడా కట్టాలి.

జవాబు: ముందు ఆ నూటికి మూడు రూపాయల అప్పు వద్దని చెప్పేయండి. అది ఏడాదికి 36 శాతం. పీఎఫ్ బకాయిపై పడే వడ్డీ ఏడాదికి 12 శాతం. ఆలస్యానికి వేసే నష్టపరిహారం 2024 జూన్ 14 నుంచి నెలకు ఒక శాతం. రెండూ కలిపినా నూటికి రెండు రూపాయలే. రెండు రూపాయల భారం దించుకోవడానికి మూడు రూపాయల భారం ఎత్తుకుంటారా? ఆరున్నర లక్షల మీద నెలకు 19,500 వడ్డీకే పోతుంది, అసలు అలాగే ఉంటుంది. ఇలాంటి అప్పుతో దుకాణాలు చేతులు మారడం చూశాను కాబట్టే ఇంత గట్టిగా చెబుతున్నాను.

ఇక మూడేళ్ల మాట. కొత్త సంస్థలకు ఒకప్పుడు అలాంటి మినహాయింపు ఉండేది. 1997 సెప్టెంబరు 22 నుంచి దాన్ని ఎత్తేశారు. అయినా ఇప్పటికీ నాకు వచ్చే ఉత్తరాల్లో అదే మాట కనిపిస్తూనే ఉంటుంది. ఇప్పుడు చూసేది వయసు కాదు, తల లెక్క. 20 మంది అయిన రోజు నుంచే బాధ్యత మొదలవుతుంది. శాఖలను విడివిడిగా లెక్కించరు. కాంట్రాక్టు మనుషులూ లెక్కలోకి వస్తారు. 15,000 దాటిన జీతంతో కొత్తగా చేరి, పీఎఫ్‌లో చేరనవసరం లేనివారిని కూడా ఆ ఇరవైలో కలుపుతారు. రేపు ముగ్గురిని మాన్పించి 19కి దింపినా ప్రయోజనం లేదు. ఒకసారి చట్టం వర్తించాక సంఖ్య తగ్గినా కొనసాగుతుంది. రెండో శాఖను బావమరిది పేరుకు మార్చే ఆలోచన ఉంటే అదీ మానుకోండి.

మీ జీతాల మొత్తం నెలకు 2,64,000. సిబ్బంది వాటా 12 శాతం అంటే 31,680. మీ వాటా మరో 31,680. బీమా పథకానికి అర శాతం, నిర్వహణ రుసుము అర శాతం కలిపి 2,640. అన్నీ కలిపి సరిగ్గా 66,000. రెండో శాఖతో తల లెక్క ఇరవై దాటి తొమ్మిది నెలలైంది అనుకుంటే, ఆ తొమ్మిది నెలలకు 5,94,000. మొదటి నెల తొమ్మిది నెలలు, చివరిది ఒక నెల ఆలస్యమైందనుకుంటే వడ్డీ, పరిహారం కలిపి సుమారు 59,400 అవుతుంది. బకాయి తీరేదాకా ఇది పెరుగుతూనే ఉంటుంది.

ఆ 66,000లో సిబ్బంది వాటాను ఇప్పుడు వారి జీతాల్లో కోయడం కుదరదు. జీతం ఇచ్చేటప్పుడు కోయని వాటాను తర్వాత రాబట్టుకోవడానికి చట్టం ఒప్పుకోదు. ఆ భారం కూడా మీదే. చేదుగా ఉన్నా మింగాలి. నెలకు 12,000 తెచ్చుకునే మనిషి నుంచి తొమ్మిది నెలల వాటా 12,960 ఎలా కోస్తారు? అంటే ఒక నెల జీతం కంటే ఎక్కువ. కాంట్రాక్టరు మనుషుల కోసం కట్టింది మాత్రం ఆయన బిల్లులో మినహాయించుకోవచ్చు. ఆ బిల్లులు తీసి పెట్టుకోండి.

ఎఫ్‌డీని కదపాలని లేదన్నారు. మరి అది దేని కోసం? అత్యవసరానికి దాచిన డబ్బుకు ఇంతకంటే అత్యవసరం ఏముంటుంది? వెంటనే విరిపించండి. అందులో 3,96,000తో పాతవైపు నుంచి ఆరు నెలలు తీరిపోతాయి. పండగ సరుకు అడ్వాన్సును ఈసారి సగానికి తగ్గించి, మిగతా మూడు నెలల బకాయిని ఆ డబ్బు, అమ్మకాల రాబడితో తీర్చండి. అప్పటికీ చాలకపోతే బ్యాంకులో బంగారం మీద చిన్న మొత్తం, తీర్చే తేదీ ముందే రాసుకుని తీసుకోండి. విచారణకు పిలిస్తే హాజరు పట్టీ, జీతాల రిజిస్టరు పట్టుకుని స్వయంగా వెళ్లండి.

నేను ఎక్కువగా బాధపడేది మీ నోటీసు గురించి కాదు. రెండో శాఖకు అలమరాలు, అద్దాలు, దీపాలు అన్నీ అమర్చారు, జీతాల నిధి మాత్రం పెట్టలేదు. వ్యాపారం చేసేవారికి ఇంటి అత్యవసర నిధి ఒకటి, దుకాణానిది మరొకటి ఉండాలి. మీ లెక్కలో జీతాలు, మీ వైపు పీఎఫ్ ఖర్చు కలిపి నెలకు 2,98,320. మూడు నెలలకు దాదాపు 9 లక్షలు. దీన్ని సరుకు ఖాతాలో ఉంచకండి, ఉంచితే సరుకే మింగేస్తుంది. వేరే బ్యాంకులో, వేరే ఖాతాలో, రోజూ గల్లా కట్టేటప్పుడు ఎంతో కొంత వేస్తూ పోండి. రోజుకు 3,000 వేసినా పది నెలల్లో చేరిపోతుంది. అది నిండేదాకా మూడో శాఖ మాట ఎత్తకండి.

ఇంకో సంగతి మరచిపోకండి. పీఎఫ్ కడుతూ ఉంటే ఉద్యోగంలో ఉండగా చనిపోయినవారి కుటుంబానికి బీమా కింద గరిష్ఠంగా 7 లక్షల వరకు వస్తుంది, భార్యకు పింఛను కూడా మొదలవుతుంది. లారీ నుంచి బీరువాలు దించే హమాలీకి ఈ తొమ్మిది నెలలూ అదేమీ లేదు. ఏమీ జరగలేదు కాబట్టి సరిపోయింది.

ఉద్యోగుల వైద్య బీమా అయిన ఈఎస్ఐకి పది మందే చాలు కాబట్టి అదీ వెంటనే చూసుకోండి. కొత్త నియామకాలకు కేంద్రం ఇచ్చే ప్రోత్సాహకం గురించి బకాయిలు తీరాక ఆలోచిద్దాం.

ఈ నెల జీతాల నుంచి 12 శాతం కోయడం మొదలుపెట్టండి, సిబ్బందికి ముందే చెప్పి. కోసిన డబ్బు తర్వాతి నెల 15లోగా కట్టేయాలి. కోసి కట్టకుండా వాడుకుంటే నమ్మకద్రోహం కింద క్రిమినల్ కేసు అవుతుంది. కాంట్రాక్టరు పంపే ఆ ఆరుగురి పేర్లు, ఆధార్ వివరాలు రేపే రిజిస్టరులోకి ఎక్కించండి.